ఒళ్ళు పట్టిన చేతులు

శ్రీకృష్ణదేవరాయలు తెల్లవారకముందే లేచి ముప్పావు పింటు నువ్వుల నూనె తాగేవాడట. మన లెక్కలో నాలుగు వందల మిల్లీలీటర్లకు కాస్త పైన. ఈ సంగతి రాసినవాడు డొమింగో పాయెస్ అనే పోర్చుగీసు యాత్రికుడు. 1520 ప్రాంతంలో విజయనగరం వచ్చి రాయల్ని కళ్ళారా చూశాడు. తాగడంతో అయిపోలేదు. అదే నూనె ఒళ్ళంతా పట్టించుకుని, నడుముకు చిన్న గుడ్డ బిగించి, మట్టితో చేసిన పెద్ద బరువులు ఎత్తి, పట్టించిన నూనె అంతా చెమటతో కారిపోయేదాకా కత్తి తిప్పి, తన మల్లుల్లో ఒకడితో కుస్తీ పట్టి, ఆనక గుర్రమెక్కి మైదానంలో అటూ ఇటూ దౌడు తీసి, అప్పుడు స్నానానికి వెళ్ళేవాడు. ఇదంతా పొద్దు పొడవకముందే. స్నానం చేయించేది రాజుకు బాగా దగ్గరవాడైన ఒక బ్రాహ్మణుడనీ, అతను చాలా కలిగినవాడనీ కూడా పాయెస్ రాసుకున్నాడు.

రాబర్ట్ సీవెల్ 1900లో ఇంగ్లీషులోకి తెచ్చిన ఆ పేజీ దగ్గర నాకు ఎప్పుడూ రెండు ఆలోచనలు వస్తాయి. ఉద్యోగమంతా ఫిజియోథెరపీలో గడిచింది కాబట్టి మొదటి ఆలోచన ఆ వరస మీదికి పోతుంది. కండకు నూనె, తర్వాత బరువు, చెమట, కుస్తీ, చివర నీళ్ళు. నూనె తాగడం ఒక్కటి పక్కన పెడితే, ఇవాళ ఏ ఆటగాడికైనా నేను చెప్పేది ఇంచుమించు ఇదే. రెండో ఆలోచన మా ఇంటిది. మాది మంగలి వృత్తి కుటుంబం, ఇప్పటి మాటలో నాయీ బ్రాహ్మణులం. రాయలు ఒళ్ళంతా నూనె పట్టించుకున్నాడు సరే, వీపుకు ఎవరు పట్టారు? ఎంత చక్రవర్తికైనా తన వీపు నడిమధ్యకు తన చెయ్యి అందదు కదా. నీళ్ళు పోసిన మనిషి కులమూ పలుకుబడీ ఆస్తీ పాయెస్ కంటికి ఆనాయి. నూనె చేతుల మనిషి ఆనలేదు.

పాయెస్‌ను తప్పుపట్టి లాభం లేదు, మనవాళ్ళూ అంతే. చరక సంహిత సూత్రస్థానం ఐదో అధ్యాయంలో ఒంటికి నూనె ఎందుకు పట్టించాలో ఉంది. నూనె పట్టిన కుండ, నూనె పెట్టి మర్దించిన తోలు, కందెన వేసిన బండి ఇరుసు ఎలా గట్టిపడి దెబ్బకు ఓర్చుకుంటాయో మనిషి ఒళ్ళూ అలాగేనంటాడు. ఈ ఉపమానాలు వైద్యుడి అరుగు మీద పుట్టినవి కావు. కుమ్మరి వాము దగ్గరా, తోళ్ళు నానే లంద దగ్గరా, బండి కింద దూరి కందెన పూసేవాడి దగ్గరా నేర్చుకున్నవి. వాగ్భటుడు అష్టాంగహృదయంలో దినచర్య చెబుతూ రోజూ అభ్యంగనం చేసుకోమన్నాడు. అంత తీరిక లేకపోతే తల, చెవులు, అరికాళ్ళు మాత్రం మరవొద్దన్నాడు. కఫంతో బాధపడేవాళ్ళకూ, తిన్నది అరగనివాళ్ళకూ వద్దన్నాడు. తర్వాత వ్యాయామం, ఆ తర్వాత ఒళ్ళంతా హాయిగా మర్దన, ఆపైన పొడులతో నలుగు, చివర స్నానం. రాయల తెల్లవారుజాము కార్యక్రమం ఈ వరసకు ఎంత దగ్గరగా ఉందో చూడండి. ఏ నూనె, ఎంతసేపు, ఎవరికి కూడదు అన్నీ ఉన్నాయి. పట్టేవాడి గురించి మాత్రం పెద్దగా మాట లేదు. పని దానంతట అదే జరిగిపోయినట్టు రాశారు.

విజయనగర కాలంలోనే మా వాళ్ళలో ఒకడి పేరు రాయి మీదికి ఎక్కింది. సదాశివరాయలు సింహాసనం మీద కూర్చుని, అళియ రామరాయలు రాజ్యం నడుపుతున్న 1540లలో, బాదామికి చెందిన కొండోజు అనే మంగలి రామరాయలకు గడ్డం గీసి మెప్పించాడు. ఆ మెప్పుతో మంగళ్ళకు పన్నులూ వెట్టీ మాఫీ చేయించుకున్నాడు. శాసనాలు వేయించారు. చిన్నప్పుడు ఈ కథ విన్నప్పుడు నాకు గర్వంగా ఉండేది. ఇప్పుడు ఆలోచిస్తే ఆశ్చర్యం వేస్తుంది. రాజు గొంతు మీద కత్తి పెట్టే చెయ్యి గనక దాని పేరు తెలుసుకుని ఉంచుకోవలసిన అవసరం ఏ రాజుకైనా ఉంటుంది. అదే చెయ్యి రాత్రిపూట కాళ్ళు పిసికితే నిద్ర పడుతుంది, పేరు గుర్తుండదు.

మా తాతయ్యది తెనాలి వైపు పల్లె. అతని పొదిలో కత్తి, కత్తెర, గోరుగల్లు, సాన రాయి, చేతి అద్దం, వాటి పక్కనే ఒక ఇత్తడి గిన్నె. ఆ గిన్నె నూనెకు. శనివారం పొద్దున్నే మోతుబరుల ఇళ్ళకు వెళ్ళేవాడు. నువ్వుల నూనె ఇంటివాళ్ళే ఇచ్చేవారు. దాన్ని గోరువెచ్చగా కాచి, కీళ్ళ నొప్పులున్న ముసలాయనకైతే వామూ వెల్లుల్లీ వేసి మరిగించి, వడగట్టేవాడు. దొడ్లో తుంగచాప మీద మనిషిని బోర్లా పడుకోబెట్టి ముందు అరికాళ్ళు పట్టుకునేవాడు. పట్టుకుని ఊరికే కూర్చునేవాడు. పని మొదలుపెట్టవేమయ్యా అని విసుక్కునేవాళ్ళూ ఉండేవాళ్ళు. బిగుసుకున్న ఒంటి మీద బలం చూపిస్తే ఒళ్ళు ఇంకా బిగుసుకుంటుందని అతని లెక్క. పిక్క తనంతట తాను వదులైనట్టు చేతికి తెలిసినప్పుడు మొదలుపెట్టేవాడు.

కింద నుంచి పైకి, ఎప్పుడూ గుండె వైపే. అరచేతి మొదలుతో పొడుగ్గా రాసుకుంటూ వెళ్ళి, తిరిగి వచ్చేటప్పుడు చెయ్యి ఎత్తకుండా తేలిగ్గా జారనిచ్చేవాడు. పిక్కల్నీ తొడల్నీ పిండి పిసికినట్టు పట్టి వదిలేవాడు. వెన్నెముకకు అటూ ఇటూ ఉన్న కండల మీద రెండు బొటనవేళ్ళూ ఆనించి చిన్న చిన్న సున్నాలు చుట్టేవాడు. ఎముక మీద మాత్రం బలం పెట్టేవాడు కాదు. ఎక్కడైనా గడ్డకట్టినట్టు ముడి తగిలితే దాని మీద వేలు పెట్టి, అవతలి మనిషి ఊపిరి వదిలేదాకా ఆగేవాడు. భుజాల దగ్గరికి వచ్చాక దోసిలి బోర్లించి తపతపా చరిచేవాడు, ఆ చప్పుడు వీధిలోకి వినపడేది. చివర వేళ్ళ మెటికలు విరిచి, తలకు నూనె అద్ది, చెవుల వెనక నొక్కి, పిండితో నలుగు పెట్టేవాడు. కుంకుడు రసం, వేణ్ణీళ్ళు ఇంటివాళ్ళ వంతు. దీపావళి ముందు నరక చతుర్దశి తెల్లవారుజామునా, భోగి నాడూ ఇళ్ళు తిరగలేక చచ్చేవాడు.

దీనికి విడిగా డబ్బు లేదు. ఏడాదికోసారి కళ్ళంలో కొలిచే మేరలోనే క్షవరమూ మర్దనా పెళ్ళి మేళమూ పురుడూ అన్నీ కలిసిపోయేవి. పండక్కి అరిసెలు, ఒక పాత పంచె. పంట పోయిన ఏడు మేరా పోయేది, నొప్పులు మాత్రం తగ్గేవి కావు.

ఇక్కడ ఒక మాట చెప్పకుండా దాటితే బాగుండదు. మా తాతయ్య పొది మాలపల్లికీ మాదిగపల్లికీ వెళ్ళలేదు. ఊరి కట్టుబాటు అది, అతనూ దాటలేదు. మోకాలి లోతు బురదలో రోజంతా నడుం వంచి నాట్లు వేసిన ఆడవాళ్ళకు ఆ ఊళ్ళో ఒళ్ళు పట్టే చెయ్యి లేదు. అందరికంటే ఎక్కువగా ఆ నడుములకే అవసరం. వాళ్ళు సాయంత్రం ఇంటికి వచ్చి నేల మీద బోర్లా పడుకుని పిల్లల్ని వీపు మీద నడవమనేవారు. గోడ పట్టుకుని, మెత్తగా మడమ ఆనించి, నడుం నుంచి భుజాల దాకా. ఏ పిల్లవాడు ఎంత బరువున్నాడో, ఎవడు ఎంతసేపు తొక్కితే హాయిగా ఉంటుందో తల్లులకు తెలుసు. నడుం పట్టేస్తే ఎదురుకాళ్ళతో పుట్టినవాడిని వెతికి తెచ్చి తొక్కించుకునేవారు, ఆ నమ్మకం అన్ని కులాల్లోనూ ఉండేది. అలా పుట్టిన మనిషి ఊళ్ళో ఉంటే పిలుపులకు కొదవ లేదు. పుట్టుకకూ నడుముకూ సంబంధం లేదు గానీ, మడమ బరువుకూ నడుముకూ మాత్రం కచ్చితంగా ఉంది.

ఆడవాళ్ళ ఒళ్ళు మా నాయనమ్మ పట్టేది. ఎడ్గర్ థర్‌స్టన్ 1909లో మద్రాసులో అచ్చువేసిన ఏడు సంపుటాల కులాల గ్రంథంలో మంగళ్ళు క్షవరం చేస్తారనీ, మేళం వాయిస్తారనీ, వాళ్ళ ఆడవాళ్ళు మంత్రసానులనీ ఉంది. ఆ ఒక్క ముక్క వెనక మా నాయనమ్మ జీవితమంతా ఉంది. కాన్పు పని ఒక రాత్రిలో తేలిపోయేది, అసలు పని ఆ మర్నాటి నుంచి. బాలింతకు నూనె పట్టి, పసుపు రాసి, వావిలాకు వేసి కాచిన నీళ్ళు నడుం మీద ధారగా పోసి, పొట్టకు పాత చీరతో నడికట్టు బిగించి, సాంబ్రాణి వేసి జుట్టు ఆరబెట్టేది. ఆ నీళ్ళ వేడి తలుచుకుంటే ఇప్పటికీ నాకు భయమే. కానీ పురిటి మంచం మీద పడున్న పిల్లకు రోజుకు గంటసేపు వీపు నిమిరి, ఎలా ఉందమ్మా అని అడిగే మనిషి ఒకరు ఉండడం ఎంత మందో, ప్రసవానంతర దిగులుతో నా దగ్గరికి వచ్చే ఆడపిల్లల్ని చూశాక అర్థమైంది.

బిడ్డకు నీళ్ళు పోయడం వేరే విద్య. పీట మీద కూర్చుని రెండు కాళ్ళూ చాపి, పాదాలు దగ్గరగా చేర్చి, ఆ కాళ్ళ తొట్టెలో బిడ్డను పడుకోబెట్టేది. మాడుకు ఆముదం. ఛాతీ మీద రెండు చేతులూ మధ్య నుంచి పక్కలకు. చేతుల్ని భుజం నుంచి మణికట్టు దాకా పిండుతూ. తర్వాత కుడిచేతిని ఎడమకాలితో, ఎడమచేతిని కుడికాలితో కలిపి మూడేసి సార్లు. బోర్లా తిప్పి వీపంతా. శనగపిండితో నలుగు. ముక్కు కొసదేరాలని నొక్కడం, తల గుండ్రంగా రావాలని అదమడం కూడా ఉండేవి. వాటి వల్ల పెద్దగా ఒరిగిందేమీ లేదు. ముక్కులోనూ చెవిలోనూ నూనె చుక్కలు వేయడం మాత్రం నిజంగా ప్రమాదం. ముక్కులో వేసిన నూనె ఊపిరితిత్తుల్లోకి దిగితే నిమోనియా వస్తుంది. మా ఇంట్లో ఆ అలవాటు మాన్పించడానికి నేను నాయనమ్మతో మాట్లాడ్డం మానేసినంత పని చేశాను.

బ్రిటిష్ ప్రభుత్వం కన్ను మంత్రసానుల మీద పడకపోలేదు. 1903లో లేడీ కర్జన్ చొరవతో దాయీల శిక్షణకు విక్టోరియా స్మారక నిధి ఒకటి ఏర్పాటైంది. చేతులు కడుక్కోమన్నారు, బొడ్డు కోసే కత్తి శుభ్రంగా ఉంచుకోమన్నారు. ధనుర్వాతంతో బిడ్డలు పోతున్న రోజుల్లో అది చెప్పవలసిన మాటే. అయితే అధికారులు మంత్రసాని చేతుల్లో మురికి ఒక్కటే చూశారు. ఆ చేతులకు వచ్చిన పనిని రాసిపెట్టుకోవాలని ఎవరికీ తోచలేదు.

అంతకు చాలా ముందే మన దేశపు మర్దన ఇంగ్లండులో రాజుగారి దాకా వెళ్ళి కూర్చుంది. తీసుకెళ్ళినవాడు షేక్ దీన్ మహమ్మద్. 1759లో పాట్నాలో పుట్టాడు. తండ్రి కంపెనీ సైన్యంలో పనిచేసి చనిపోయాడు, కొడుకు పదకొండేళ్ళ వయసులో గాడ్‌ఫ్రే బేకర్ అనే ఆఫీసరు వెంట పడ్డాడు. 1784లో ఆ బేకర్‌తోనే ఐర్లండులోని కార్క్ చేరాడు. అక్కడ జేన్ డేలీ అనే ఐరిష్ పిల్లను పెళ్ళి చేసుకున్నాడు. 1794లో తన ప్రయాణాల మీద పుస్తకం వేశాడు, ఒక భారతీయుడు ఇంగ్లీషులో రాసి అచ్చువేసిన తొలి పుస్తకం అది. తర్వాత లండన్‌లో బేసిల్ కాక్రేన్ అనే దొర దగ్గర చేరాడు. కాక్రేన్ మద్రాసులో కంపెనీ కొలువూ నౌకాదళానికి సరుకుల కాంట్రాక్టూ చేసి బాగా గడించి వెళ్ళినవాడు, లండన్‌లో ఆవిరి స్నానాల గది పెట్టాడు. దీన్ మహమ్మద్ మర్దన పని అక్కడే మొదలైందంటారు. 1810లో హిందూస్థానీ కాఫీ హౌస్ తెరిచాడు, మన వంటకాలూ హుక్కా పెట్టాడు, రెండేళ్ళలో దివాలా తీశాడు. యాభై దాటిన వయసులో బ్రైటన్ సముద్రతీరం చేరి మళ్ళీ ఒళ్ళు పట్టే పనికే వచ్చాడు.

ఈసారి కలిసొచ్చింది. ముందు కాసేపు మూలికల ఆవిరిలో కూర్చోబెట్టి చెమట పట్టించేవాడు. ఆ తర్వాత మనిషిని ఫ్లానెల్ గుడ్డతో చేసిన డేరాలో ఉంచేవాడు. డేరాకు చొక్కాకు ఉన్నట్టు చేతులు కుట్టి ఉండేవి. పనివాడు బయట నిలబడి ఆ గొట్టాల్లోంచి చేతులు దూర్చి ఒళ్ళు పట్టేవాడు. లోపలున్న దొరకు కనిపించేది ఆ చేతులే. 1821లో సముద్రపు ఒడ్డునే పెద్ద స్నానశాల కట్టాడు. మరుసటి ఏడు తన వైద్యం గురించి పుస్తకం వేశాడు, దాని పేరులో షాంపూయింగ్ ఉంది. అప్పట్లో ఆ మాటకు ఒళ్ళు పట్టడమనే అర్థం. కీళ్ళవాతం, పక్షవాతం, బెణుకులతో వచ్చినవాళ్ళ కథలు అందులో నింపాడు. నడక వచ్చినవాళ్ళు వదిలేసి వెళ్ళిన చంకకర్రల్ని స్నానశాలలో వేలాడదీశాడు. నాల్గో జార్జికీ, ఆయన తర్వాత నాల్గో విలియమ్‌కూ షాంపూయింగ్ సర్జన్‌గా నియమితుడయ్యాడు.

ఈయన మీద నాకు మమకారమూ ఉంది, చిరాకూ ఉంది. తనకు వైద్యశిక్షణ ఉందని చెప్పుకున్నాడు. ఆ కథకు సరిపడేలా తన పుట్టిన సంవత్సరాన్ని పదేళ్ళు వెనక్కి జరిపాడు. ఎవరి దగ్గర ఈ విద్య నేర్చుకున్నాడో, ఏ ఊరి ఏ మంగలి, ఏ హమాలీ, ఏ నౌకరు చేతులు చూసి పట్టాడో చెప్పలేదు. చెబితే దొరలు వచ్చేవారా? సర్జన్ అనిపించుకుంటే తప్ప చేతికి విలువ రాదని బతికి చూసి తెలుసుకున్న మనిషి. 1851లో బ్రైటన్‌లోనే పోయాడు, అప్పటికి స్నానశాల వైభవమూ పోయింది. మనవడు ఫ్రెడరిక్ అక్బర్ మహమ్మద్ మాత్రం నిజంగానే డాక్టరు అయ్యాడు. లండన్ గైస్ ఆసుపత్రిలో పనిచేస్తూ, నాడిని గీతలుగా గీసే యంత్రాన్ని మెరుగుపరిచి, అధిక రక్తపోటు మీద మొదటితరం పరిశోధన చేశాడు. ముప్పై అయిదేళ్ళకే చనిపోయాడు.

యూరపులో ఆ శతాబ్దంలోనే మర్దన కాలేజీకి వెళ్ళింది. పెర్ హెన్రిక్ లింగ్ 1813లో స్టాక్‌హోంలో వ్యాయామ విద్యాసంస్థ నెలకొల్పాడు. స్వీడిష్ మసాజ్ అన్నప్పుడు అందరూ తలచుకునేది ఆయన్నే. కానీ ఇవాళ మేం పరీక్షల్లో రాసే పేర్లు, ఎఫ్లూరాజ్, పెట్రిసాజ్, ఫ్రిక్షన్, టపోట్‌మెంట్, ఆమ్‌స్టర్‌డాం డాక్టరు యోహాన్ గెయోర్గ్ మెజ్గర్ వాడుకలోకి తెచ్చాడని చెబుతారు. డచ్చి డాక్టరు, ఫ్రెంచి మాటలు, స్వీడన్ పేరు. మొదటి సంవత్సరం క్లాసులో మా మేడం ఒక్కొక్క పేరూ బోర్డు మీద రాసి, చేసి చూపిస్తుంటే నాకు నవ్వు ఆగలేదు. నిమరడం, పిసకడం, సున్నాలు చుట్టడం, చరచడం. వరస కూడా తేడా లేదు. గుండె వైపుకే రాయాలని, చెయ్యి ఎత్తకూడదని ఆమె కూడా చెప్పింది. ఎందుకో కూడా చెప్పింది, సిరల్లో రక్తం తిరుగుదల గురించి. తాతయ్య ఆ కారణం చెప్పలేకపోయేవాడు.

నేను చేరిన వృత్తికి కూడా పరువు తేలిగ్గా రాలేదు. 1894లో లండన్‌లో మసాజ్ పేరుతో నడుస్తున్న వ్యభిచార గృహాల గురించి బ్రిటిష్ మెడికల్ జర్నల్ రాసింది. ఆ మచ్చ తమకు అంటకుండా అదే ఏడు నలుగురు స్త్రీలు, లూసీ రాబిన్సన్, రోసలిండ్ పాజెట్, ఎలిజబెత్ మాన్లీ, మార్గరెట్ పామర్, శిక్షణ పొందిన మసాజ్ స్త్రీల సంఘం ఒకటి పెట్టుకున్నారు. డాక్టరు చెబితేనే చెయ్యాలి, మామూలుగా మగవాళ్ళకు చెయ్యకూడదు అని నియమాలు రాసుకున్నారు. మొదటి ప్రపంచ యుద్ధంలో కళ్ళు పోయిన సైనికులకు సెయింట్ డన్‌స్టన్స్‌లో మసాజ్ నేర్పి బతుకుతెరువు చూపించారు. 1944లో ఆ సంఘం పేరులో ఫిజియోథెరపీ చేరింది. మన దేశంలో 1950ల మొదట్లో, బొంబాయిలో పోలియో ప్రబలాక, ఈ చదువు మొదలైంది. మంగలి ఇంటి పిల్ల తెల్లకోటు వేసుకుని అదే పని చెయ్యడానికి ఇంత చుట్టు తిరగవలసి వచ్చింది.

మా నాయనమ్మ పద్ధతికి దగ్గరిది పుస్తకంలో నేను చూసింది ఒక ఫ్రెంచి డాక్టరు దగ్గర. ఫ్రెడరిక్ లెబోయే కలకత్తా మురికివాడలో ఒక తల్లి నేల మీద కాళ్ళు చాపుకుని బిడ్డకు నూనె పట్టడం చూసి ఫొటోలు తీశాడు. 1976లో పుస్తకం వేశాడు. పుస్తకానికి ఆ తల్లి పేరే పెట్టాడు, శాంతల. ఛాతీ మీద చేతులు పక్కలకు జరపడం, చేతిని పిండడం, చేయీ కాలూ ఎదురెదురుగా కలపడం అన్నీ ఉన్నాయి. నాకు తెలిసినంతలో ఈ చరిత్ర మొత్తంలో ఒళ్ళు పట్టే మన ఆడమనిషి పేరు అట్ట మీదికి ఎక్కింది ఆ ఒక్కసారే. దాన్ని చూసి నేర్చుకున్న తల్లులు యూరపులోనూ బ్రెజిల్‌లోనూ ఉన్నారు. పదేళ్ళ తర్వాత, 1986లో, మయామీలో టిఫనీ ఫీల్డ్ బృందం నెలలు నిండకుండా పుట్టిన బిడ్డలకు రోజుకు మూడుసార్లు పదిహేనేసి నిమిషాలు, పది రోజులపాటు ఒళ్ళు నిమిరి, కాళ్ళూ చేతులూ ఆడించింది. వాళ్ళు మిగతా బిడ్డలకంటే రోజుకు 47 శాతం ఎక్కువ బరువు పెరిగారు, ఆరు రోజులు ముందుగా ఇంటికి వెళ్ళారు. చక్కిలిగింత పెట్టినట్టు పైపైన రాస్తే ఫలితం ఉండదని, కాస్త ఒత్తిడి కావాలని కూడా ఆ తర్వాత తేలింది. మా నాయనమ్మ చేతిలో ఎప్పుడూ ఆ ఒత్తిడి ఉండేది.

కండల సంగతికొస్తే, అలసిన కండలోంచి లాక్టిక్ ఆమ్లం మర్దనతో బయటికి పోతుందని నేను చదువుకున్నాను, చాలామందికి చెప్పాను కూడా. 2012లో కెనడాలోని మెక్‌మాస్టర్ విశ్వవిద్యాలయం వాళ్ళు పదకొండు మంది కుర్రాళ్ళను అలసిపోయేదాకా సైకిలు తొక్కించి, ఒక తొడకే పది నిమిషాలు మసాజ్ చేసి, రెండు తొడల నుంచీ కండ ముక్కలు తీసి పోల్చారు. లాక్టేట్‌లో తేడా లేదు. వాపును రేపే సంకేతాలు మాత్రం మసాజ్ చేసిన కాలిలో తగ్గాయి, కణాలకు శక్తినిచ్చే మైటోకాండ్రియాను పెంచే సంకేతాలు హెచ్చాయి. తాతయ్య వాతం దిగుతుందనేవాడు, మా మేడం ఆమ్లం దిగుతుందనేది. కారణం ఇద్దరికీ దొరకలేదు, పని మాత్రం ఇద్దరి చేతుల్లోనూ జరిగింది.

మా అన్నయ్య కొడుకు ఇప్పుడు బెజవాడలో ఏసీ సెలూన్ నడుపుతున్నాడు. ఆ మధ్య వెళ్తే గోడ మీద ధరల బోర్డు కనిపించింది. హెడ్ మసాజ్, ఫుట్ మసాజ్, స్వీడిష్ బ్యాక్ మసాజ్, నెక్ క్రాక్. కాసేపు కూర్చుని చూశాను. అరచేతి మొదలుతో పొడుగ్గా రాశాడు, రెండు బొటనవేళ్ళతో వెన్ను పక్కన సున్నాలు చుట్టాడు, చివర దోసిలి బోర్లించి చరిచాడు. వాళ్ళ నాన్న దగ్గర నేర్చుకున్నాడు, వాళ్ళ నాన్న తాతయ్య దగ్గర.

“ఇది స్వీడిష్ ఎప్పుడైందిరా?” అన్నాను.

“బోర్డు మీద తాత పేరు రాస్తే వంద కూడా ఇవ్వరత్తా. స్వీడిష్ అంటే ఐదొందలు ఇస్తారు,” అన్నాడు.

దానికి నా దగ్గర జవాబు లేదు. నెక్ క్రాక్ దగ్గర మాత్రం ఊరుకోలేదు. మెడ ఎముకల్లోంచి మెదడుకు వెళ్ళే రెండు ధమనులుంటాయి. మెడను హఠాత్తుగా మెలితిప్పితే, అరుదుగానే అయినా, వాటి లోపలి పొర చిరిగి గడ్డకట్టి పక్షవాతం రావచ్చు. తాతయ్య వేళ్ళు విరిచేవాడు గానీ ఎవరి మెడా విరవలేదు. ఇంతా చెప్పాక వాడు ఆ లైను మీద స్టిక్కరు అంటించాడు. అయినా వచ్చినవాళ్ళు కుర్చీలో కూర్చోగానే గడ్డం పైకెత్తి మెడ వాళ్ళే అప్పగిస్తున్నారట. అలాంటివాళ్ళకు ఏం చెయ్యమంటావని అడిగాడు. మెడ మొదట్లో, భుజాల మీద బొటనవేళ్ళు ఆనించి, ఊపిరి వదిలేదాకా ఆగమన్నాను. చప్పుడు రాలేదని డబ్బులు తగ్గిస్తే నాకు ఫోన్ చెయ్యమన్నాను.